నాలుగు దారుల మూల

2024 అక్టోబరు 20, ఆదివారం. ఆమదాలవలస

రాత్రి భోజనాల దగ్గర మనవరాలు, "తాతా, టెస్సరాక్ట్ అంటే ఏటి?" అని అడిగింది. ఏదో ఇంగ్లిష్ సినిమాలో విన్నదట. నీలంగా వెలిగే దిమ్మ ఒకటి ఉంటుందట, దాని కోసం లోకాలన్నీ కొట్టుకుంటాయట. ఫోన్లో బొమ్మ చూపించింది. చూస్తే మామూలు ఘనమే. ఎనిమిది మూలలు, పన్నెండు అంచులు, ఆరు ముఖాలు.

"ఇది ఘనం అమ్మా. టెస్సరాక్ట్ ఇంకోటి" అన్నాను.

"మరి అసలుది ఎలాగుంటాది?"

ముప్పై నాలుగేళ్ళు హైస్కూల్లో లెక్కలు చెప్పాను. ఇన్నేళ్ళలో ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు. పుస్తకంలో లేదు గనక నేనూ ఎత్తలేదు. పిల్ల అడిగాక పళ్ళెం పక్కకు జరిపి, చెయ్యి కడుక్కుని కూర్చున్నాను. ఆమెకు చెప్పింది చెప్పినట్టు ఇక్కడ రాసుకుంటున్నాను.

ముందు ఒక చుక్క పెట్టాను. దాన్ని ఒక వైపు జరిపితే గీత అవుతుంది. ఆ గీతను దానికి లంబంగా అంతే దూరం జరిపితే చదరం. చదరాన్ని కాగితం మీంచి పైకి లేపితే ఘనం. ఇంతవరకు చేత్తో చూపించవచ్చు. ఇక ఆ ఘనాన్ని పొడవుకీ వెడల్పుకీ ఎత్తుకీ కూడా లంబంగా ఉండే నాలుగో దిక్కులోకి అంతే దూరం జరపాలి. ఆ దిక్కు మన గదిలో దొరకదు, వేలెత్తి చూపలేను. కానీ అక్కడ ఏం తయారవుతుందో లెక్కపెట్టవచ్చు.

మూలలు జరిపిన ప్రతిసారీ రెట్టింపు. 1, 2, 4, 8, ఆపైన 16. అంచుల లెక్కకు కొంచెం ఆగి ఆలోచించాలి. జరపకముందున్న అంచులు ఒకసారి, జరిపాక అవే ఇంకోసారి, పైగా ప్రతి మూలా జరిగిన దారి ఒక్కో కొత్త అంచు. చదరానికి నాలుగు అంచులు కదా, ఘనానికి నాలుగు రెళ్ళు ఎనిమిది, నాలుగు మూలల దారులు నాలుగు, మొత్తం పన్నెండు. సరిపోయింది. ఇప్పుడు పన్నెండు రెళ్ళు ఇరవై నాలుగు, ఎనిమిది మూలల దారులు ఎనిమిది, మొత్తం 32. ముఖాల లెక్క పిల్లే కట్టింది. ఆరు రెళ్ళు పన్నెండు, పన్నెండు అంచులు జరిగితే పన్నెండు చదరాలు, మొత్తం 24. చుట్టూ గోడలుగా ఉండే ఘనాలు 8.

"చూడకుండానే లెక్క తేలిపోయింది తాతా" అంది. ఆ మాట విని నాకు చాలాసేపు నిద్ర పట్టలేదు.

అక్టోబరు 22, మంగళవారం

పొద్దున్న నడక స్టేషను దాకా. మా ఊరు ఆమదాలవలస, స్టేషను బోర్డు మీద పేరు శ్రీకాకుళం రోడ్. కొత్తగా వచ్చినవాళ్ళు ఇప్పటికీ తికమక పడతారు. రైలు దిగి "ఆమదాలవలస ఎంత దూరం?" అని అడుగుతారు, ఆమదాలవలసలోనే నిలబడి. సినిమాలో టెస్సరాక్ట్‌కూ అదే జరిగింది. బోర్డు ఒకటి, ఊరు ఇంకోటి. అందుకని మాట ఎక్కడ పుట్టిందో చూసి రాసుకుందామనుకున్నాను.

పెట్టినవాడు చార్లెస్ హోవర్డ్ హింటన్, ఇంగ్లండులో లెక్కల మాస్టారు. 1888లో అచ్చయిన 'ఎ న్యూ ఎరా ఆఫ్ థాట్' అనే పుస్తకంలో ఈ మాట మొదట కనిపిస్తుంది. గ్రీకులో 'టెస్సర' అంటే నాలుగు, 'అక్టిస్' అంటే కిరణం. పదహారు మూలలదనో, ఎనిమిది ఘనాలదనో పేరు పెట్టవచ్చు కదా, కిరణం ఎందుకు? ఒక మూల దగ్గర నిలబడి చూశాడు గనక. చదరం మూల నుంచి రెండు అంచులు బయల్దేరతాయి, ఘనం మూల నుంచి మూడు. దీని ప్రతి మూల నుంచీ నాలుగు బయల్దేరతాయి, ఏ రెండు తీసుకున్నా ఒకదానికొకటి లంబమే. పేరు పెట్టినవాడు వస్తువును బయటి నుంచి చూడలేదు, దాని మూలలో కూర్చుని చూశాడు. నాకు ఈ పేరు మీద గౌరవం కలిగింది అందుకే.

నాలుగో దిక్కుకు కూడా ఆయన రెండు మాటలు పెట్టాడు. మనకు పైన, కింద ఉన్నట్టు ఆ దిక్కులో 'అనా', 'కటా'. ఇవీ గ్రీకు మాటలే. రంగులు వేసిన చిన్న చిన్న చెక్క దిమ్మలు తయారుచేసి, వాటి అమరికలు కంఠతా పట్టిస్తే మనసు ఆ దిక్కుకు అలవాటు పడుతుందని నమ్మాడు. ఆ దిమ్మలతో ఆడుకున్న పిల్ల ఒకామె ఉంది. అలీషియా బూల్, హింటన్ భార్యకు చెల్లెలు. ఆమె కాలేజీ చదువు చదవలేదు. అయినా అట్టముక్కలు కత్తిరించి, నాలుగు కొలతల వస్తువులను మన లోకం అడ్డంగా కోస్తే కనబడే ముక్కలన్నీ తయారుచేసింది. మూడు కొలతల్లో క్రమమైన ఘనరూపాలు అయిదే. నాలుగు కొలతల్లో ఆరు ఉన్నాయని తనంత తాను కనిపెట్టింది. అంతకు ముందే ష్లాఫ్లి అనే స్విస్ గణితజ్ఞుడు అదే తేల్చాడు. ఆ సంగతి ఆమెకు తెలియదు. 1914లో నెదర్లాండ్స్‌లోని గ్రోనింగెన్ విశ్వవిద్యాలయం ఆమెకు గౌరవ డాక్టరేటు ఇచ్చింది.

ఈ అక్కచెల్లెళ్ళ తల్లి మేరీ ఎవరెస్ట్. సర్వేయర్ జనరల్ జార్జ్ ఎవరెస్ట్ అన్న కూతురో తమ్ముడి కూతురో గానీ, ఆయన ఇంటి పిల్ల. ఆ ఎవరెస్టే కుర్రతనంలో, 1819 ప్రాంతంలో, కృష్ణా గోదావరుల నడుమ అడవుల్లో సర్వే చేస్తూ మన్యం జ్వరం పడి, చావు తప్పి హైదరాబాదు చేరాడు. టెస్సరాక్ట్ అని పేరు పెట్టినవాడు మన నేల కొలిచినవాడి ఇంటి పిల్లకు అల్లుడని తెలిశాక, గ్రీకు మాట కాస్త దగ్గరి చుట్టంలా అనిపించింది.

మన బడి పుస్తకాల్లో మాటలు గీత, చదరం, ఘనం దగ్గర ఆగిపోతాయి. తర్వాతిదానికి తెలుగు పేరు కావాలి. చతుర్ఘనం అనవచ్చు. కానీ అందులో మూల లేదు. చతుష్కిరణం అంటే హింటన్ చూసింది ఉన్నదున్నట్టు వస్తుంది. పలకడానికీ బాగానే ఉంది. ఇవాళ్టి నుంచి నేను అదే వాడతాను.

అక్టోబరు 23, బుధవారం

స్కూలు నుంచి వచ్చీ రాగానే పిల్ల ఇంకో అనుమానం తెచ్చింది. నాలుగో కొలత అంటే కాలం అని ఎవరో చెప్పారట. అలా అనడం మామూలే. 1908లో మింకోవ్‌స్కీ స్థలాన్నీ కాలాన్నీ కలిపి నాలుగు కొలతల లోకంగా చూపించినప్పటి నుంచీ ఆ మాట స్థిరపడిపోయింది. కానీ అక్కడ దూరం లెక్కలో కాలం గుర్తు మారి వస్తుంది, పొడవుతో సమానంగా రాదు. చతుష్కిరణంలో నాలుగు దిక్కులూ ఒక్క తీరే. దేన్ని దేంతో మార్చినా తేడా తెలియదు.

దన్నానపేట బండ గుర్తుచేశాను. ఊరికి దగ్గర్లోనే ఉన్న ఆ పెద్ద రాతి సమాధిని పోయినేడు తీసుకెళ్ళి చూపించాను. బండ పొడవు, వెడల్పు, మందం అడుగుల్లో కొలుస్తాం. వయసు ఏళ్ళలో చెబుతాం. అడుగును ఏడాదితో మార్చుకోలేం కదా. "మరైతే నాలుగో దానికి కూడా అడుగులేనా?" అంది. అడుగులే. మూరలు కూడా. ప్రతి అంచూ మూరెడున్న చదరంలో మూల నుంచి ఎదుటి మూలకు వర్గమూలం రెండు మూరలు, ఘనంలో వర్గమూలం మూడు, చతుష్కిరణంలో వర్గమూలం నాలుగు. అంటే సరిగ్గా రెండు మూరలు. చదరంలో, ఘనంలో లేని ముచ్చట ఇక్కడ తేలింది. పిల్ల నోట్సులో దీని చుట్టూ ఎర్ర సిరాతో గీత గీసుకుంది.

అక్టోబరు 25, శుక్రవారం

దానా తుఫాను రాత్రి ఒడిశాలో తీరం దాటింది. రైళ్ళు చాలా రద్దు. సాయంత్రం కరెంటు పోయింది. లాంతరు పెట్టుకుని నమూనా చేద్దామని కూర్చున్నాం.

దొడ్లో పోయినేడాది గోగు పుల్లల మోపు ఉంది. నార తీసేశాక మిగిలే పుల్ల తెల్లగా, బెండులా తేలికగా ఉంటుంది. చాకుతో కోస్తే చీలకుండా తెగుతుంది. పన్నెండు జానెడు పుల్లలు, పన్నెండు నాలుగంగుళాల పుల్లలు కోశాను. మా ఆవిడ చెరువు బంకమన్ను పిసికి పదహారు ఉండలు చేసి ఇచ్చింది. చిన్న ఘనం ఒకటి, పెద్ద ఘనం ఒకటి కట్టి, చిన్నదాన్ని పెద్దదాని నడుమ దారాలతో వేలాడదీశాం. చిన్నదాని ప్రతి మూల నుంచీ పెద్దదాని మూలకు ఒక పుల్ల. ఆ ఎనిమిది పుల్లలు కొలత చూసుకుని ఒక్కొక్కటీ వేరుగా కొయ్యాల్సి వచ్చింది. ఉండ మెత్తగా ఉంటే పుల్ల జారుతుంది, ఆరితే పగులుతుంది. మూడో మూల దగ్గర పిల్ల రెండు చేతులతో పట్టుకుంటే, నేను దారం చుట్టాను.

ఇది అసలు వస్తువు కాదు, దాని నీడ. గాజు ఘనం ఎదుట దీపం పెడితే గోడ మీద చదరంలో చదరం పడినట్టు, నాలుగు కొలతల వస్తువు నీడ మన గదిలో ఘనంలో ఘనంలా పడుతుంది. లోపలి ఘనం చిన్నది కాదు, నాలుగో దిక్కులో దూరంగా ఉంది, అందుకే చిన్నగా కనబడుతోంది. ఇది చెప్పినప్పుడు పిల్ల లాంతరును కొంచెం వెనక్కి జరిపి, ఆ పుల్లల నీడ గోడ మీద చూసుకుంది. నీడకు నీడ. అందులోనూ పదహారు మూలలు లెక్కపెట్టింది. ప్రతి ఉండ దగ్గరా వేలు పెట్టి, "ఒకటి, రెండు, మూడు, నాలుగు" అనుకుంటూ పుల్లలు తడిమింది. ఎక్కడా అయిదు లేవు, ఎక్కడా మూడు లేవు.

అక్టోబరు 27, ఆదివారం

బావగారు వచ్చారు. పంట మడుల్లో కొలతలు తీసే ఉద్యోగం చేసి రిటైరైన మనిషి. కిటికీ మీద నమూనా చూసి, "ఇదేటి బావా, గోగు పుల్లల్తో పంజరం కట్టావు?" అన్నారు. పదహారు మూలలు, ఒక్కో మూల నుంచి నాలుగు అంచులు అని చెప్పాను. కాసేపు తలవంచి చూసి, "మాకు పదహారు మడులు తెలుసు" అన్నారు. అక్కడి నుంచి రెండు గంటలు మా ఇద్దరికీ వేరే ధ్యాస లేదు.

మా ఊరికి గోగుతో ఉన్న సంబంధం బయటివాళ్ళకు తెలిసింది తక్కువ. ఇక్కడి వ్యవసాయ పరిశోధన స్థానం గోగునార పంట మీద పని చేసే కేంద్రం. ఇక్కడ పుట్టిన రకాలకు ఊరి పేరు మీదే ఏఎంవీ అని పేరు. ఏఎంవీ-4ను కళింగ అంటారు, ఏఎంవీ-5ను దుర్గ అంటారు. నా చిన్నప్పుడు పూత మొదలవగానే కోసి, మోపులు కట్టి ఆకు రాలేదాకా నిలబెట్టి, ఆ తర్వాత గెడ్డలోనో చెరువులోనో ఊరవేసేవారు. ఊరంతా ఆ వాసన. నీళ్ళలో మొలబంటి నిలబడి నార ఒలిచే పని మా నాన్న చేశాడు.

ఇక బావగారి పదహారు మడులు. పొలంలో నాలుగు సంగతులు తెలుసుకోవాలనుకుందాం. నత్రజని, భాస్వరం, పొటాష్, వరసల మధ్య ఎడం. ఒక్కోదానికి రెండే స్థాయిలు, తక్కువ, ఎక్కువ. అన్ని కలయికలూ వేస్తే రెండు రెళ్ళు నాలుగు, నాలుగు రెళ్ళు ఎనిమిది, ఎనిమిది రెళ్ళు పదహారు. ఒక్కో కలయికకు ఒక్కో మడి. ఆ పదహారు మడులే చతుష్కిరణం మూలలు. పక్కపక్క మూలలంటే, ఒక్క సంగతి మాత్రమే మారి మిగతా మూడూ అలాగే ఉన్న మడులు. అంచు అంటే ఒకే ఒక్క మార్పు.

రైతు మామూలుగా ఒక మూల దగ్గర నిలబడతాడు. ఈ ఏడు యూరియా పెంచి చూస్తాడు, పైఏడు సూపర్ ఫాస్ఫేటు పెంచి చూస్తాడు. అంటే ఆ మూల నుంచి బయల్దేరే నాలుగు కిరణాలే చూస్తున్నాడు, ఒక్కో దిక్కుకు ఒక్కొక్క అంచు. పదహారూ వేస్తే ఏమవుతుందో నమూనా మీద వేలు పెట్టి చూపించాను. 32 అంచులు, నాలుగు దిక్కులు, దిక్కుకు ఎనిమిదేసి. నత్రజని సంగతి ఎనిమిది సార్లు ఎనిమిది రకాల పరిస్థితుల్లో తేలుతుంది, భాస్వరం సంగతీ ఎనిమిది సార్లే. అవే పదహారు మడులు నాలుగు ప్రశ్నలకూ పూర్తిగా పని చేస్తాయి. మడులు పంచుకోనక్కర్లేదు. పైగా భాస్వరం ఉన్నచోటే నత్రజని పని చేస్తోందా అన్నది కూడా కనబడుతుంది, ఎందుకంటే ఆ ఎనిమిది అంచుల్లో నాలుగింటి మీద ఒక తేడా, మిగతా నాలుగింటి మీద ఇంకో తేడా వస్తుంది. ఇంగ్లండులో రోథామ్‌స్టెడ్ పొలాల్లో ఫిషర్ ఈ పద్ధతిని నిలబెట్టాడు. ఒక్కసారి ఒక్కటే అడగాలన్న పాత సలహాను ఆయన ఒప్పుకోలేదు.

బావగారు నమూనాను చేతుల్లోకి తీసుకుని మెల్లగా తిప్పారు. "ముప్పై ఏళ్ళు కాగితం మీద అడ్డగళ్ళు నిలువుగళ్ళు గీసుకున్నాను. ఇదని ఎవరూ చెప్పలేదు."

అక్టోబరు 30, బుధవారం

మడులు పదహారైతే, నమ్మకం కోసం మూడేసి సార్లు వేస్తే నలభై ఎనిమిది. కూలీ, విత్తనం, కొలతలు. పైగా పొలం ఒక్క తీరుగా ఉండదు, ఒక పక్క మెరక, ఒక పక్క పల్లం. పదహారూ ఒకే తీరు నేలలో పట్టవు. ఈ చిక్కు విప్పినవారిలో మనవాడొకరున్నారు. ఆయన సంగతి ఇవాళ తీరిగ్గా రాస్తాను.

కల్యంపూడి రాధాకృష్ణారావు. లోకానికి సి.ఆర్. రావు. 1920 సెప్టెంబరు 10న, ఇప్పటి కర్ణాటకలోని హడగలిలో తెలుగు ఇంట పుట్టారు. విశాఖపట్నంలో ఏవీఎన్ కాలేజీ, ఆ తర్వాత వాల్తేరులో ఆంధ్ర విశ్వకళాపరిషత్తు, అక్కడ గణితం ఎమ్మే. 1941 జనవరి 1న కలకత్తాలో భారత గణాంక సంస్థలో చేరారు. 1945 నాటి వ్యాసం వల్ల క్రామర్‌తో కలిపి ఆయన పేరు ప్రతి గణాంకశాస్త్ర పుస్తకంలో ఉంది. అందరూ దాన్నే చెబుతారు. నాకు కావలసింది ఆ మరుసటి ఏడాదిది. 1946లో కలకత్తా గణిత సంఘం బులెటిన్‌లో ఆయన రాసిన వ్యాసం పేరులోనే 'హైపర్‌క్యూబ్స్' అని ఉంది. బహుళ కొలతల ఘనాలు, వాటి 'బలం', వాటి నుంచి వచ్చే పొలం ప్రయోగాలు. పాతికేళ్ళు నిండిన కుర్రవాడు రాశాడు. సినిమావాళ్ళు ఈ మాట అందుకోవడానికి చాలా ముందు, వాల్తేరులో చదివినవాడు దాన్ని పొలంలో దించాడు.

బలం అంటే ఏమిటో నమూనా మీద చూసుకున్నాను. ఎక్కువ స్థాయిని 1 అని, తక్కువను 0 అని రాస్తే ప్రతి మూలకూ నాలుగంకెల పేరు వస్తుంది. 1లు సరిసంఖ్యలో ఉన్న మూలలు తీసుకుంటే ఎనిమిది. వాటిలో ఏ రెండింటి మధ్యా అంచు లేదు. ఆ ఎనిమిదీ మెరక వైపు వేసి, మిగతా ఎనిమిదీ పల్లం వైపు వేస్తే, నేల తేడా నాలుగు సంగతుల లెక్కలోకీ చొరబడదు. నాలుగూ ఒక్కసారి కలిసి చేసే చిట్టచివరి చిన్న ప్రభావం ఒక్కటే నేల తేడాలో కలిసిపోతుంది. పోతే పోనీ. డబ్బు లేకపోతే ఆ ఎనిమిది మడులే వేసి కూడా చాలా తెలుసుకోవచ్చు. ఎందుకంటే ఆ ఎనిమిది మూలల నీడను నాలుగు దిక్కుల్లో ఏ దిక్కు వెంట పడేసినా పూర్తి ఘనం, ఎనిమిది మూలలూ, ఒక్కటి తప్పకుండా, ఒక్కటి రెండుసార్లు రాకుండా కనబడుతుంది. అంటే బలం మూడు.

ఈ అమరికలే తర్వాత ఫ్యాక్టరీలకు ఎక్కాయి. 1954-55లో జపాను నుంచి టగూచీ భారత గణాంక సంస్థకు వచ్చి వెళ్ళాడు. వస్తువుల నాణ్యత పెంచే ఆయన పద్ధతి అంతా ఇలాంటి పట్టికల మీదే నడుస్తుంది. రావుగారు 2023లో అంతర్జాతీయ గణాంకశాస్త్ర బహుమతి అందుకుని, ఆ ఏడే ఆగస్టు 22న అమెరికాలో, 102 ఏళ్ళ వయసులో పోయారు. ఆ రోజు మా వీధిలో ఎవరికీ తెలియలేదు. నేనైనా చెప్పవలసింది.

నవంబరు 3, ఆదివారం

ఇవాళ జరిగింది మరిచిపోలేను.

పిల్లకు తెలుగు పరీక్ష. ఛందస్సు చదువుతోంది. లఘువు నిలువు గీత, గురువు ఇంగ్లిష్ యూ అక్షరంలా. య-మా-తా-రా-జ-భా-న-స-ల-గం అని పాడుతూ మూడక్షరాల గణాలు ఎనిమిదీ రాసింది. ఎనిమిది అన్న మాట చెవిన పడి వంటింట్లోంచి వచ్చాను.

మూడక్షరాలు, ఒక్కోటి లఘువో గురువో. ఎనిమిది గణాలు. అవి ఘనం మూలలే. నగణంలో అన్నీ లఘువులు. అందులో ఒక్క అక్షరం గురువు చేస్తే భగణం, జగణం, సగణం. నగణం నుంచి మూడు అంచులు అవి. మగణం నుంచి యగణం, రగణం, తగణం. నా చిన్నప్పుడు కొరడా దెబ్బ భయంతో వల్లించిన గణాలు ఘనంలా నిలబడ్డాయి. నాలుగో అక్షరం చేరిస్తే పదహారు. తెలుగు పద్యాల ఇంద్రగణాల్లో నల, నగ, సల ఉన్నాయి కదా. నలలో నాలుగూ లఘువులు. చివరిది గురువైతే నగ, మూడోది గురువైతే సల. అంటే నల అనే మూల నుంచి బయల్దేరే నాలుగు కిరణాల్లో రెండింటి కొసలు తేటగీతి రాసేవాళ్ళందరికీ తెలుసు.

అప్పుడు రావుగారి ఎనిమిది మూలలు రాయించాను. గురువులు సరిసంఖ్యలో ఉన్నవి. నాలుగూ లఘువులు ఒకటి, నాలుగూ గురువులు ఒకటి, రెండేసి గురువులున్నవి ఆరు. "ఇప్పుడు ప్రతిదాన్లో ఆఖరి అక్షరం కొట్టెయ్యి" అన్నాను. కొట్టేసి, మిగిలిన మూడక్షరాలను గణాలుగా చదివింది. న, స, జ, య, భ, ర, త, మ. ఎనిమిదీ వచ్చాయి. "మొదటిది కొట్టెయ్యి." మళ్ళీ ఎనిమిదీ, వరస మాత్రం వేరు. రెండోది కొట్టేస్తే, మూడోది కొట్టేస్తే కూడా ఎనిమిదీ. పిల్ల పలక తుడిచి నాలుగుసార్లూ మళ్ళీ తనే చేసి చూసుకుంది. 1946 నాటి ఆ బలం మూడు, తొమ్మిదో తరగతి పిల్ల పలక మీద, యమాతారాజభానసలగం అక్షరాల్లో నిలబడింది. నాకు కళ్ళు చెమ్మగిల్లాయి.

నవంబరు 5, మంగళవారం. నాగుల చవితి

పుట్టలో పాలు పోసి వచ్చాక, ఈ మాట ఇంకెక్కడెక్కడ తిరిగిందో రాసుకున్నాను.

మాడెలీన్ లెంగిల్ 1962లో రాసిన పిల్లల నవలలో టెస్సరాక్ట్ అంటే నక్షత్రాల మధ్య అడ్డదారి. 2014 నాటి 'ఇంటర్‌స్టెల్లార్' సినిమాలో అది కాలం పుస్తకాల అరల్లా పేర్చి ఉన్న గది. ఇవి కథలకు కావలసిన అర్థాలు, తప్పు పట్టను. సాల్వడార్ డాలీ 1954లో వేసిన క్రీస్తు శిలువ బొమ్మలో మాత్రం అసలు అర్థం ఉంది. అట్టపెట్టె విప్పితే ఆరు చదరాలు శిలువలా పరుచుకుంటాయి. చతుష్కిరణం విప్పితే ఎనిమిది ఘనాలు అలాగే నిలబడతాయి. పెట్టెను విప్పే తీర్లు 11, దీన్ని విప్పే తీర్లు 261. వాటిలో ఒక తీరు ఆయన శిలువ. పారిస్‌లో 1989 నాటి పెద్ద ఆర్చి కూడా మా కిటికీ మీద ఉన్న నమూనా లాంటిదే, అంత ఎత్తున.

ఇంకో వాడుక మా ఇంట్లోనే ఉంది. అచ్చు పేజీ ఫొటో తీసి ఇస్తే అక్షరాలుగా మార్చే కంప్యూటరు ప్రోగ్రాం ఒకదాని పేరు టెస్సరాక్ట్. హ్యూలెట్ ప్యాకార్డ్ సంస్థలో తయారై, 2005లో అందరికీ ఉచితంగా విడుదలైంది. తెలుగు కూడా చదువుతుంది. పిల్ల మా పాత ఛందస్సు పుస్తకం పేజీ ఒకటి దానికి చూపించింది. కాగితం పసుపు, అచ్చు మసక, ఒత్తులు అరిగిపోయి ఉన్నాయి. అయినా చాలా పంక్తులు తిన్నగా తెచ్చింది. గణాల పేజీని టెస్సరాక్ట్ చదవడం చూసి పిల్ల చప్పట్లు కొట్టింది.

ఇన్ని వాడుకల్లో నాకు గట్టిగా నిలబడేవి రెండే. గోగు మడి, గణాల పట్టిక. ఆ రెండు చోట్లా ఒక్కసారి ఒక్కటే మారితే ఏమవుతుందన్నది అంచు చెబుతోంది, అలాంటి నాలుగు మార్పులు ఎక్కడ కలుస్తాయో మూల చెబుతోంది. మాటలో హింటన్ పెట్టింది అదే.

నవంబరు 14, గురువారం

బాలల దినోత్సవం. మనవరాలి స్కూలుకు నమూనా పట్టుకెళ్ళాను. ఆటోలో ఒక పుల్ల విరిగింది. పిల్లలే ఇంకోటి కోసి అతికించారు. లెక్కల మాస్టారు బోర్డు మీద పదహారు మూలల పేర్లు 0, 1 అంకెల్లో రాశారు. వెనక బెంచీలో కూర్చున్న తెలుగు మాస్టారు లేచి వచ్చి, పక్కనే అవే పదహారూ లఘువులు గురువుల్లో రాశారు. గోగు పండించే ఇంటి కుర్రాడు ఒకడు, "మా నాన్నకి పదహారు మడులు లేవండి, నాలుగే ఉన్నాయి" అన్నాడు. నాలుగింటితో ఏం అడగవచ్చో వాడికి రాసి ఇచ్చాను. రెండు సంగతులు, రెండేసి స్థాయిలు, చదరం మూలలు నాలుగు.

నమూనా అక్కడే వదిలేసి వచ్చాను. వచ్చే ముందు మాస్టార్లిద్దరినీ ఒక్కటే అడిగాను. ఏటా ఒక రోజు మీ రెండు పీరియడ్లూ కలిపి, ఈ పదహారు మూలలూ పిల్లల చేతే రాయించండి, చతుష్కిరణం అని తెలుగులో పేరు చెప్పండి, వాల్తేరులో చదివిన రావుగారి పేరు కూడా చెప్పండి అని.